సెకండ్ హీరో చేతిలో క్లైమాక్స్

ఈ వారం వచ్చిన ఉత్తరాల్లో గుడివాడ కుర్రాడి ఉత్తరం ఒకటి నన్ను పట్టుకుని వదల్లేదు.

"గురువుగారూ! కారు రేసు మీద సినిమా తీస్తే టిక్కెట్టు కొని మరీ చూస్తాం. అందులో హీరో ఉంటాడు, విలన్ ఉంటాడు, మధ్యలో పాట ఉంటుంది. కానీ నిజం కారు రేసులో కథేముంటుందండీ? గిర్రు గిర్రున తిరగడం, ముందొచ్చినవాడికి కప్పివ్వడం. అంతేగా!" అని రాశాడు.

అంతేగా అట! చూశారా ధీమా!

తమ్ముడూ, నీ వయసులో నేనూ అచ్చం ఈ మాటే అన్నాను. ఎవరితో అన్నానో, ఆయన ఏం జవాబు చెప్పాడో చివర్లో చెబుతాను. ముందు నీకో కథ చెప్పాలి. నేను అల్లింది కాదు. 1992లో ఇంగ్లండులో నిజంగా జరిగింది. ముగ్గురు హీరోలు, ఒక సెకండ్ హీరో. ఏప్రిల్లో టైటిల్స్ పడితే అక్టోబరులో శుభం కార్డు. ఆఖరి రీలుంది చూశావూ... ఏ కుర్ర రచయితైనా దాన్ని తీసుకెళ్ళి నిర్మాతకి వినిపిస్తే, "క్లైమాక్స్ మరీ అతిగా ఉందయ్యా, జనం నమ్మరు. కాస్త తగ్గించు" అంటాడు. నిజానికి అలాంటి మొహమాటాలేం ఉండవు కదా!

ఆ పోటీ పేరు బ్రిటిష్ టూరింగ్ కార్ ఛాంపియన్‌షిప్.

ఇక్కడ ఓ చిన్న తేడా చెప్పుకోవాలి. 2023 ఫిబ్రవరిలో మన హుస్సేన్ సాగర్ ఒడ్డున ఫార్ములా ఈ రేసు జరిగింది. మీలో చాలామంది చూసే ఉంటారు. సన్నగా, చేపల్లా ఉన్న ఒంటి సీటు బండ్లు, చక్రాలు బయటికే కనబడుతుంటాయి. టూరింగ్ కారు అలా ఉండదు. తలుపులు, డిక్కీ, వెనక సీటు ఉండాల్సిన చోటు... అచ్చం మీ వీధి చివర డాక్టరుగారి కారులా ఉంటుంది. లోపల సీట్లన్నీ పీకేసి, ఇనుప గొట్టాలతో పంజరం బిగించి, ఇంజనుకి పదును పెడతారు. పైకి మాత్రం అదే కారు. కావాలనే అలా ఉంచుతారు. ఆదివారం ట్రాకు మీద గెలిచిన కారు సోమవారం షోరూములో అమ్ముడుపోవాలి. కంపెనీలు డబ్బు పోసేది అందుకే!

తలుపులున్న కారు కాబట్టి ఇంకో సంగతి కూడా ఉంది. చక్రాలు బయటికున్న బండ్లలో చక్రానికి చక్రం తగిలితే బండి గాల్లోకి లేస్తుంది. అంచేత ఆ డ్రైవర్లు ఒకర్నొకరు తాకడానికి భయపడతారు. టూరింగ్ కార్లలో చక్రాలు రేకు కిందుంటాయి. భుజానికి భుజం రాసుకోవచ్చు. మలుపులో కాస్త అటు జరగవయ్యా అని నెట్టుకోవచ్చు. మన బస్సు స్టాండులో సీటు కోసం తోసుకున్నట్టే. ఎక్కడిదాకా తోస్తే సరసం, ఎక్కడ దాటితే నేరం అన్నది మాత్రం ఎప్పుడూ తేలని తగువే. మన కథంతా ఆ తగువు మీదే నడుస్తుంది.

* * *

ఇక పాత్రల పరిచయం.

మొదటి హీరో జాన్ క్లేలండ్. స్కాట్లండ్ మనిషి. కార్లు నడపడమే కాదు, కార్లు అమ్మే వ్యాపారం కూడా ఉన్నవాడు. మాట కరుకు, మనసులో ఏదుంటే అదే నోట్లో. 1989లో ఒకసారి ఛాంపియన్ అయ్యాడు. 1992లో ఆయన నడిపింది వాక్స్‌హాల్ కావలియర్. ముందు చక్రాలు లాగే బండి.

రెండో హీరో విల్ హోయ్. అంతకు ముందటేడు, అంటే 1991లో, బీఎండబ్ల్యూ నడిపి కిరీటం కొట్టినవాడు. 1992కి జట్టు మారి టయోటా కరీనా ఎక్కాడు. కరీనా అనగానే హీరోయిన్ అనుకునేరు, కారు పేరే! ఆ జట్టు నడిపింది ఆండీ రౌజ్. ఆయన అప్పటికే నాలుగుసార్లు ఛాంపియన్. కార్లు తనే తయారుచేసి, తనే నడిపే మనిషి. మన భాషలో చెప్పాలంటే నిర్మాత, దర్శకుడు, నటుడు అన్నీ ఆయనే. ఈ రౌజ్ పేరు గుర్తుపెట్టుకోండి. ఫ్లాష్‌బ్యాకులో మళ్ళీ వస్తాడు.

మూడో హీరో టిమ్ హార్వీ. బీఎండబ్ల్యూ 318 నడిపాడు. వెనక చక్రాలు తోసే బండి. సీజన్ మొదట్లో ఈయన్ని ఎవరూ పెద్దగా లెక్కలోకి తీసుకోలేదు. ఇంటర్వెల్ తర్వాత పుంజుకున్నాడు.

ఇక సెకండ్ హీరో... స్టీవ్ సోపర్. హార్వీ జట్టులోనే రెండో బీఎండబ్ల్యూ ఆయనది. చూసినవాళ్ళలో చాలామంది చెప్పేదేమిటంటే, ఆ నలుగురిలో చెయ్యి తిరిగిన డ్రైవరు ఎవరని అడిగితే మొదట చెప్పాల్సిన పేరు ఈయనదే అని. కానీ ఆఖరి రేసుకొచ్చేసరికి కిరీటం లెక్కల్లో ఈయన లేడు. లెక్కల్లో లేనివాడే లెక్క తేల్చాడు!

* * *

కథనం ఎలా నడుస్తుందో కొంచెం చెబితే గాని క్లైమాక్స్ రుచి తెలియదు.

రెండు లీటర్ల ఇంజను దాటకూడదు. ఇంజను నిమిషానికి 8500 చుట్లు మించి తిరగకూడదు. అందరికీ ఒకటే నిబంధన. 1991లో ఈ పద్ధతి పెట్టారు. అంతకు ముందు పెద్ద ఇంజన్లూ చిన్న ఇంజన్లూ ఒకే రేసులో వేరువేరు తరగతులుగా పరిగెత్తేవి. ఎవరు ఎవరితో పోటీ పడుతున్నారో చూసేవాడికి తెలిసేది కాదు. కొత్త పద్ధతిలో ముందున్నవాడే ముందున్నట్టు. ఈ సూత్రం ఎంత బాగా ఆడిందంటే, తర్వాత కొద్ది ఏళ్ళలో ఇటలీ, ఫ్రాన్స్, జర్మనీ, జపాన్, ఆస్ట్రేలియా... అన్ని చోట్లా రీమేక్ చేసుకున్నారు.

అందరికీ ఒకటే నిబంధన అన్నాను గాని, బండ్ల స్వభావం ఒకటి కాదు. వెనక చక్రాలు తోసే బీఎండబ్ల్యూ రేసు మొదలవగానే చెంగున దూకుతుంది. ముందు చక్రాలు లాగే కావలియర్ ఆ క్షణంలో కాస్త తడబడుతుంది. పైగా లాగేదీ, తిరిగేదీ ఆ రెండు చక్రాలే కాబట్టి ముందు టైర్లు తొందరగా అరుగుతాయి. మరి బీఎండబ్ల్యూ వాళ్ళకి ఎదురులేదా అంటే, వాళ్ళ బండి మీద అదనపు బరువు మోపారు. ఎవడి అదృష్టానికి వాడి బరువు!

సీజన్ మొత్తం 15 రేసులు. సిల్వర్‌స్టోన్, త్రక్స్‌టన్, ఔల్టన్ పార్క్, స్నెటర్టన్, బ్రాండ్స్ హాచ్, డోనింగ్టన్, స్కాట్లండులో నాక్‌హిల్, వేల్సులో పెంబ్రీ... ఊరూరా తిరిగే సర్కస్ కంపెనీలాగ. గెలిచినవాడికి 24 పాయింట్లు, రెండోవాడికి 18, మూడోవాడికి 12, ఇలా తగ్గుకుంటూ పదోవాడికి ఒక్కటి. ఆ ఒక్క పాయింటు చిన్నదనుకునేరు! ఏప్రిల్లో ఓ వానరోజు తొమ్మిదో స్థానంలో వచ్చి విసుక్కుంటూ ఇంటికెళ్ళిన డ్రైవరు, అక్టోబరులో ఆ రెండు పాయింట్ల కోసం ఏడుస్తాడు. రేసు అంటే ఒక సీను. సీజన్ అంటే సినిమా. సీన్లు గెలిచినవాడు సినిమా గెలుస్తాడని లేదు.

ఇంకో ముచ్చట. ఈ రేసుల్ని బీబీసీ వాళ్ళు టీవీలో చూపించిన తీరు మన సినిమా వాళ్ళు నేర్చుకోదగ్గది. కారు లోపల చిన్న కెమెరాలు బిగించారు. డ్రైవరు స్టీరింగు తిప్పే చేతులూ, ఎదుటి కారు బంపరూ, అన్నీ మనమే సీట్లో కూర్చున్నట్టు కనబడతాయి. రేసు అయ్యాక ఆ ముక్కలన్నీ ఎడిటింగులో కూర్చి, దాని మీద మర్రే వాకర్ అనే పెద్దాయన వ్యాఖ్యానం చెప్పేవాడు. అంటే మన డబ్బింగే! ఏం జరగబోతోందో ఆయనకి ముందే తెలుసు. అయినా ఆ గొంతులో ఉలికిపాటు వింటే ఇప్పుడే ఆయన కళ్ళముందు జరుగుతున్నట్టుంటుంది. డబ్బింగు చెప్పేవాళ్ళు ఆ టేపులు ఓసారి వినాలి.

* * *

ఇప్పుడు ఫ్లాష్‌బ్యాక్. ఇది లేకపోతే సోపర్ మీకు అర్థం కాడు.

1983. ఇదే బ్రిటిష్ పోటీ. సోపర్ రోవర్ విటెస్ నడిపాడు. సీజన్ ముగిసేసరికి అందరికంటే ముందున్నాడు. ఛాంపియన్! చప్పట్లు! అయితే కార్ల మీద ఫిర్యాదు పడింది. బండి నిబంధనల ప్రకారం లేదన్నారు. విచారణ నడిచి నడిచి, ఆఖరికి 1984లో తీర్పొచ్చింది. రోవర్లకి అనర్హత. కిరీటం సోపర్ నెత్తి మీంచి తీసి ఇంకొకరి నెత్తిన పెట్టారు. ఎవరి నెత్తినో తెలుసా? ఆల్ఫా రోమియో నడిపిన ఆండీ రౌజ్ నెత్తిన. గుర్తుపెట్టుకోమన్నది అందుకే.

1987. ఆస్ట్రేలియాలో బాథర్స్ట్. కొండ ఎక్కి దిగే ట్రాకు, వెయ్యి కిలోమీటర్ల రేసు. ఆ దేశంలో ఆ రేసంటే మనకి సంక్రాంతి రిలీజన్నమాట. సోపర్, బెల్జియం డ్రైవరు పియర్ డ్యూడనే కలిసి ఫోర్డ్ సియెర్రా నడిపి మొదట వచ్చారు. జెండా వాళ్ళకే పడింది. మళ్ళీ ఫిర్యాదు. ముందు చక్రాల మీది రేకులు నిబంధనకి విరుద్ధంగా ఉన్నాయని తేల్చారు. నెలలు గడిచాక ఆ కార్లని లెక్కలోంచి తీసేశారు. మూడో స్థానంలో వచ్చిన పీటర్ బ్రాక్ జట్టు విజేత అయింది. అది బ్రాక్‌కి తొమ్మిదో బాథర్స్ట్ గెలుపు. ఆస్ట్రేలియా జనం పండగ చేసుకున్నారు.

రెండుసార్లు ముందొచ్చాడు. రెండుసార్లూ పేరు కొట్టేశారు. బండి కట్టినవాడి తప్పుకి నడిపినవాడు మూల్యం చెల్లించాడు. "ముందొచ్చినవాడికి కప్పివ్వడం, అంతేగా" అన్నావు కదూ తమ్ముడూ? సోపర్ని అడగాల్సిన మాట అది!

* * *

1992 అక్టోబర్ 4. సిల్వర్‌స్టోన్. రెండో ప్రపంచయుద్ధంలో విమానాలు దిగిన మైదానం అది. యుద్ధం అయ్యాక రేసు ట్రాకు చేశారు. ఆఖరి రేసు. క్లేలండ్, హార్వీ, హోయ్... ముగ్గురిలో ఎవరికైనా కిరీటం దక్కేలా ఉంది.

మొదటి ల్యాపులోనే సోపర్ గొడవలో చిక్కుకున్నాడు. కారు గిర్రున తిరిగి వెనకబడిపోయింది. ఇంకొకడైతే ఈ రేసులో మన పాత్ర అయిపోయిందనుకుని నెమ్మదిగా పోతాడు. ఈయన పోలేదు. చివర్నుంచి మొదలెట్టాడు. ఒక్కొక్క కారునే దాటుకుంటూ, దెబ్బతిన్న బండితో పైకొచ్చాడు. రేసు ఆఖరికి వచ్చేసరికి ఎక్కడున్నాడు? సరిగ్గా క్లేలండ్, హార్వీ కొట్టుకుంటున్న చోట!

ఇక్కణ్ణించి ఊపిరి బిగబట్టండి.

సోపర్ క్లేలండ్‌ని దాటాడు. ఆ సందులో హార్వీ కూడా దూరి ముందుకెళ్ళాడు. ఇప్పుడు వరస ఎలా ఉంది? ముందు హార్వీ, మధ్యలో సోపర్, వెనక క్లేలండ్. క్లేలండ్‌కి తెలుసు, ఈ మధ్యనున్న మనిషిని దాటకపోతే ఆరు నెలల కష్టం గాల్లో కలిసిపోతుందని. లోపలి వైపు నుంచి దూరాడు. కావలియర్ ఒక పక్క లేచి రెండు చక్రాల మీద నడిచింది! అలాంటి స్థితిలో, ఒక చేత్తో స్టీరింగు పట్టుకుని, రెండో చెయ్యి పైకెత్తి సోపర్‌కి ఒక వేలు చూపించాడు. ఏ వేలో ఈ పత్రికలో రాయడానికి ఎడిటరుగారు ఒప్పుకోరు. కారులో కెమెరా అంతా పట్టేసింది. బీబీసీ వాళ్ళకి చూపించక తప్పదు, చెప్పడానికి వీల్లేదు. వాకర్‌గారు ఏం చేశారనుకున్నారు? 'నేను మొదటి స్థానానికే పోతున్నానంటున్నాడు జాన్ క్లేలండ్' అని సర్దేశారు! డైలాగు రచయితలూ, దణ్ణం పెట్టండి.

తర్వాతి మలుపు పేరు లఫీల్డ్. కుడి పక్కకి చాలాసేపు తిరుగుతూ పోయే నెమ్మది మలుపు. సోపర్ మళ్ళీ లోపలికి దూకాడు. రెండు కార్లు కలిశాయి. ధన్!

అంతే. ఇద్దరి రేసూ అక్కడే ముగిసింది. హార్వీ వెనక్కి చూసుకోకుండా వెళ్ళి నాలుగో స్థానంలో గీత దాటాడు. ఛాంపియన్! హోయ్ కొద్దిలో తప్పిపోయి రెండోవాడయ్యాడు. క్లేలండ్ మూడో స్థానానికి దిగిపోయాడు. కారు దిగి నడిచొస్తున్న క్లేలండ్ ముందు మైకు పెట్టారు. సోపర్ గురించి ఆయన అన్నమాట, ఆ మనిషి మనిషి కాదు, జంతువు అని. అప్పటికి వాకర్‌గారి సర్దుబాటుకి కూడా అవకాశం లేకపోయింది.

కిరీటం మాత్రం హార్వీ దగ్గరే ఉండిపోయింది. ఈసారి కాగితాలు ఎవరి పేరూ మార్చలేదు.

* * *

ఇక తగువులోకి వద్దాం.

హార్వీ అభిమానులు, బీఎండబ్ల్యూ పక్షం వాళ్ళు ఏమంటారంటే: సోపర్ చేసింది పోటీ. అతను కూడా రేసు నడపడానికే వచ్చాడు. సందు కనబడింది, దూరాడు. క్లేలండ్ తలుపు మూశాడు, తగిలింది. టూరింగ్ కార్లలో ఇది రోజూ ఉండేదే. పైగా జట్టులో తోటివాడి కోసం చెమటోడ్చడం తప్పెలా అవుతుంది?

క్లేలండ్ పక్షం వాళ్ళు ఏమంటారంటే: కిరీటం లెక్కలో లేనివాడు, కిరీటం కోసం పోరాడుతున్నవాణ్ణి ఆఖరి నిమిషంలో గుద్దితే దాన్ని పోటీ అనరు. వేరే పేరుంది దానికి.

నేను ఆ టేపు ఎన్నిసార్లు చూశానో లెక్కలేదు. మొదటిసారి చూసినప్పుడు సోపర్ విలన్‌లా కనబడ్డాడు. ఫ్లాష్‌బ్యాక్ తెలిశాక చూస్తే సెకండ్ హీరోలా కనబడ్డాడు. మన సినిమాల్లో ఆఖరి రీల్లో హీరోకి తగలబోయే తూటాకి అడ్డుపడే స్నేహితుడున్నాడు చూడండి, అలా. కళ్ళు చెమర్చాయి కూడా.

ఇంకోసారి చూశాక ఒక ప్రశ్న పుట్టింది. త్యాగం చేసేవాడు తన దగ్గరున్నది ఇవ్వాలి. ఎదుటివాడి దగ్గరున్నది లాగి తన స్నేహితుడికిస్తే అది త్యాగమవుతుందా? ఆ రోజు సోపర్ పోగొట్టుకున్నది ఒక రేసులో కొద్ది పాయింట్ల స్థానం. క్లేలండ్ పోగొట్టుకున్నది ఏడాది. ఈ లెక్క తప్పించుకోవడానికి లేదు.

సోపర్ మనసులో ఆ క్షణం ఏముందో సోపర్‌కే తెలుసు. తెలియని దానికి తీర్పు చెప్పను. కానీ ఒక్కటి మాత్రం చెబుతాను. ఆ క్లైమాక్స్ మోజులో మనం హార్వీకి అన్యాయం చేస్తున్నాం. కిరీటం లఫీల్డ్ మలుపులో ఎవరో విసిరితే అతని ఒళ్ళో పడలేదు. 14 రేసుల్లో ఒక్కొక్క పాయింటే కూడబెట్టి, ఆ మలుపు దగ్గర తను ఉండాల్సిన చోట ఉన్నాడు. క్లేలండ్ కూడా అంతే. ఏప్రిల్ నుంచి సెప్టెంబరు దాకా ఎక్కడో ఒకచోట ఇంకో నాలుగు పాయింట్లు దొరికి ఉంటే, ఆ రోజు అంత ప్రమాదకరమైన సందులో దూరాల్సిన పనే లేదు. సీజన్ అంటే అది. ఆఖరి సీను మాత్రమే చూసి బయటికొచ్చినవాడికి కథ తెలియదు.

* * *

తర్వాత వీళ్ళేమయ్యారని అడుగుతారు. చెబుతాను.

క్లేలండ్ కుంగిపోలేదు. 1995లో అదే కావలియర్‌తో కిరీటం గెలిచి లెక్క సరిచేసుకున్నాడు. హార్వీకి బ్రిటిష్ టూరింగ్ కార్లలో అదొక్కటే కిరీటం. తర్వాత టీవీలో అదే పోటీకి వ్యాఖ్యాత అయ్యాడు. విల్ హోయ్ 2002లో, ఇంకా 50 నిండకుండానే, మెదడులో కణితితో పోయాడు. మంచివాడని పగవాళ్ళు కూడా చెప్పుకున్న మనిషి. వాకర్‌గారు 2021లో, 97 ఏళ్ళ వయసులో మైకు వదిలి వెళ్ళిపోయారు. ఇక హార్వీ జట్టు యజమాని కథ వేరే క్రైమ్ సినిమా. రేసు కార్లు మోసే లారీల్లో మాదకద్రవ్యాలు తెప్పించిన కేసులో జైలుకెళ్ళాడు. డ్రైవర్లకి దాంతో సంబంధం లేదు.

సోపర్? 1993లో మళ్ళీ బ్రిటన్లో ప్రయత్నించాడు. రెండో స్థానం. గెలిచింది ఎవరు? బీఎండబ్ల్యూలోనే తోటి డ్రైవరు, జర్మనీకి చెందిన యోఖిమ్ వింకెల్‌హాక్! 1995లో జపానుకెళ్ళి అక్కడ టూరింగ్ కార్ల ఛాంపియన్ అయ్యాడు. సొంత ఊళ్ళో దొరకని పీట పరాయి దేశంలో దొరికింది. బ్రిటిష్ ఛాంపియన్ల జాబితా తీసి చూడండి. 1983 ఎదురుగా రౌజ్. 1992 ఎదురుగా హార్వీ. 1993 ఎదురుగా వింకెల్‌హాక్. సోపర్ పేరు ఎక్కడా ఉండదు. కానీ ఆ మూడేళ్ళ కథ చెప్పమంటే, సోపర్ పేరు లేకుండా ఎవడూ చెప్పలేడు!

* * *

మొదట్లో ఒక బాకీ పెట్టాను. తీరుస్తాను.

మన సినిమా అంతా మద్రాసులో ఉన్న రోజులు. నేను ఓ సినిమా పత్రికలో కుర్ర సబెడిటర్ని. అప్పట్లో హీరోలకి కార్లు నడిపే డూప్ ఒకాయన నాకు పరిచయం. ఓ ఆదివారం నన్ను షోళవరం తీసుకెళ్ళాడు. అదీ యుద్ధకాలంనాటి విమానాల మైదానమే. అక్కడ రేసులు జరిగేవి. మన ఫియట్లూ, హెరాల్డులూ ఎండలో కాలిపోతూ పరిగెడుతుంటే, దుమ్ము కొట్టుకుపోయిన నేను విసుగ్గా, "ఇందులో కథేముందండీ, గిర్రున తిరగడమేగా" అన్నాను.

ఆయన నవ్వాడు. "ముందు కారుని అందరూ చూస్తారండీ. మీరు రెండో కారుని చూడండి. రేసు తెలుస్తుంది" అన్నాడు.

తర్వాత కొన్నాళ్ళకి ఓ ఛేజింగు సీను షూటింగుకి వెళ్ళాను. హీరోగారి చొక్కా, హీరోగారి విగ్గు పెట్టుకుని ఆయనే కారు దూకించాడు. దిగేసరికి మోచెయ్యి గీరుకుపోయి రక్తం కారుతోంది. హీరోగారు గొడుగు కింద కాఫీ తాగుతున్నారు. మా ఫోటోగ్రాఫరు మంచి ఫోటో తీశాడు. ఆయన నా దగ్గరికొచ్చి, ఎవరూ వినకుండా, "ఏమండీ, ఫోటో కింద నా పేరు వేస్తారా? మా అమ్మకి చూపిస్తాను" అన్నాడు.

"తప్పకుండా వేస్తాం" అన్నాను.

ఫోటో అచ్చయింది. కింద 'హీరోగారి సాహసం' అని పడింది. ఆ మాట రాసింది వేరెవరో కాదు, నేనే. పేజీలో చోటు చాల్లేదు, పైనుంచి తొందర, ఇలా ఏవో సాకులు చెప్పుకున్నాను. వారం తర్వాత టీకొట్టు దగ్గర కనబడ్డాడు. ఎలా తప్పుకోవాలా అని చూస్తుంటే, ఆయనే వచ్చి, "ఫోటో బాగా వచ్చిందండీ" అన్నాడు. అంతే. ఇంకొక్క మాట అనలేదు. నా టీ డబ్బులు కూడా ఆయనే ఇచ్చాడు.

ఆ తర్వాత ఆయన ఎటు వెళ్ళాడో తెలుసుకోవాలని చూశాను గాని దొరకలేదు. లఫీల్డ్ మలుపు టేపు చూసినప్పుడల్లా నాకు గుర్తొచ్చేది ఇంగ్లండు కాదు, ఆ టీకొట్టు.

అంచేత గుడివాడ తమ్ముడూ, రేసులో కథేముందని అడిగావు. కథ రెండో కారులో ఉంది. ఈసారి ఏ రేసు చూసినా, ముందున్నవాడి మీంచి ఒక్క నిమిషం కళ్ళు తిప్పి వెనకవాణ్ణి చూడు. సినిమాకి వెళ్ళినప్పుడు కూడా, శుభం పడగానే లేచి పరిగెత్తకుండా, ఆఖర్న పైకి జారిపోయే పేర్లు కాసేపు చదువు. అందులో కారు దూకించినవాడి పేరు ఉందేమో చూడు. ఉంటే నాకో కార్డు ముక్క రాయి.

సరే, వచ్చేవారం మళ్ళీ కలుద్దాం. ఈలోగా మీరందరూ ఒక్క ప్రశ్నకి జవాబు రాయండి. లఫీల్డ్ మలుపులో సోపర్ హీరోనా, విలనా? ఒక్క మాటలో తేల్చేసినవాళ్ళ ఉత్తరాలు వేయను. రెండు వైపులా ఆలోచించి తల పట్టుకున్నవాళ్ళ ఉత్తరాలే వేస్తాను. పేరుతో సహా... ఈసారి తప్పకుండా!